బండి సిద్ధంగా ఉంది, ప్రభూ

ఇటలీలోని పార్మా ఊళ్లో, పాటలతోనే నాటకమాడే ఒపెరాశాలలో ఉల్దెరికో జుట్టు నెరిసేదాకా సేవకుడు, దూత, కావలివాడు వేషాలే పాడాడు. నాయకుడి పాట పాడే మహానుభావులంటే అతనికి ఒళ్లు మంట. గొంతు గోరంత, గర్వం కొండంత. పైస్వరం చేతికి చిక్కిందా, కథ గంగలో కలిసినా సరే, ఎముక దొరికిన కుక్కల్లా వదలరు. "నేనలా కక్కుర్తి పడను. రాసిందే పాడతా" అనేవాడు.

అయినా తన కోసం ఒక్కసారి ఆ శాల చప్పట్లు కొడితే చాలని లోపల ప్రాణం కొట్టుకులాడేది. పైఅంతస్తు చౌక సీట్లలో కూర్చునే బావమరిది నెస్తోరె, పందిమాంసం కొట్టువాడు, ప్రతి ఆదివారం భోజనాల దగ్గర ఎత్తిపొడిచేవాడు. "ఏం బావా, ఈ వారమూ బండి తోలుకొచ్చావా?"

ఆ రోజు నాయకుడు మిలాను నుంచి వచ్చిన గాస్పరీ. మొదటి అంకంలోనే గొంతు జీరపోయింది. పైఅంతస్తు వెక్కిరింత ఈలలతో అతన్ని చీల్చి చెండాడింది. రెండో అంకంలో ఉల్దెరికో వచ్చి తనకున్న ఒకే ఒక్క ముక్క పాడాడు.

"బండి సిద్ధంగా ఉంది, ప్రభూ."

"మళ్లీ!" అని పైనుంచి ఒక అరుపు. ఆ వెంటనే పైఅంతస్తంతా, "మళ్లీ! వాడే పాడాలి!"

గాస్పరీని బాదడానికి వాళ్లకో కర్ర కావాలని, ఆ కర్ర తనేనని ఉల్దెరికోకు తెలుసు. తెలిసినా గుండె ఉప్పొంగింది. పార్మాలో పైవాళ్లు మళ్లీ అంటే మళ్లీయే, లేకపోతే ఆట సాగనివ్వరు. వాద్యబృందాన్ని నడిపే పెద్దాయన విసుగ్గా చెయ్యెత్తాడు.

"పాడి చావవయ్యా," అని గొణిగాడు గాస్పరీ. "నీ బతుక్కి మళ్లీ దొరుకుతుందా?"

ఉల్దెరికో వేదిక అంచున ఉన్న దీపాల దాకా నడిచాడు. ఛాతీ మీద చెయ్యి వేసుకున్నాడు. "ప్రభూ" దగ్గర, ఎవరూ రాయని పైస్వరం ఎక్కి కూర్చున్నాడు. దిగలేదు. వాద్యాలు ఆగిపోయాయి. బండీ లేదు, ప్రభువూ లేడు, కళ్లు మూసుకుని వేలాడుతూనే ఉన్నాడు. చివరికి గొంతు టప్పున పగిలింది.

ఈల కూడా పడలేదు. ఆ నిశ్శబ్దంలో నెస్తోరె గొంతు వినిపించింది.

"ఓరి నాయనో! మా బావకీ నాయకుడి రోగం పట్టిందిరోయ్!"

శాలంతా పగలబడి నవ్వింది. గాస్పరీ ఒక్కడే ముందుకొచ్చి మనస్ఫూర్తిగా చప్పట్లు కొట్టాడు.

"రావయ్యా, రా. ఇక నువ్వూ మావాడివే."

ఇన్నేళ్లకు ఉల్దెరికోకు దక్కిన చప్పట్లు అవే.