అత్తగారి వెచ్చటి తివాచీ

ఇదివరకు ఏదీ రాసిన చెయ్యి కాదు నాది. పక్కింటి కోడలి సంగతి కాబట్టి కూర్చున్నాను.

ఆ ఇంట్లో ఫ్రిజ్జు, ఓవెను ముందుగదిలో ఉండేవి. వీధిలో పోయేవాళ్ళకి కనబడకపోతే కొని ఏం లాభమని ఆమె మొగుడి తెలివి. అతగాణ్ణి వీధి వీధంతా షోకిలా అనే పిలుస్తుంది. వంటింటి గుమ్మం పక్క గోడప్లగ్గు నుంచి ఎక్స్‌టెన్షన్ బాక్సు లాగి, మిగిలిన వైరంతా చుట్టచుట్టి, అందం చెడకుండా తివాచీ కింద దాచాడు. ఆ తివాచీ మీదే అత్తగారు రోజంతా కూర్చునేది.

"కాళ్ళకి ఎంత వెచ్చగా ఉందో! నా కొడుకు కొన్నది మరి," అని మురిసిపోయేది.

కోడలు చెయ్యి పెట్టి చూసింది. "ఏమండీ, వైరు కాలుతోంది. ఇంతింత వస్తువులు గోడప్లగ్గుకే పెట్టాలట."

"అబ్బో, నాలుగో క్లాసు ఇంజనీరు గారు!" పుల్లతో పళ్ళు కుట్టుకుంటూ నవ్వాడు షోకిలా.

ఫ్రిజ్జుకి మాత్రం ఆ గది పడలేదు. రోజూ మధ్యాహ్నం తన వైరు తానే ఊడబెరుక్కుని, జానెడు జానెడు జరుగుతూ వంటింటి వైపు బయల్దేరేది. కోడలు దాని చుట్టూ నేల తుడుచుకునేది. సాయంత్రం అతగాడు వచ్చి, "బుద్ధిలేదు దీనికి," అని వెనక్కి తోసేవాడు. బుద్ధి ఎవరికి లేదో ఫ్రిజ్జుకి తెలుసు.

ఓ ఆదివారం అతని పైఅధికారి వచ్చాడు. ఫ్రిజ్జు, ఓవెను, కొత్త కెటిలు మూడూ ఒకే బాక్సులో గుచ్చి, షోకిలా మెడ నిక్కించి నిలబడ్డాడు. ఓవెను ఎర్రబడింది. తివాచీ మీద అత్తగారు హాయిగా కునుకు తీస్తోంది.

ఫ్రిజ్జు కదిలింది. ఈసారి జానెడు జానెడు కాదు, గబగబా. అధికారి కాళ్ళు ముడుచుకుని దారిచ్చాడు. అది తిన్నగా వెళ్ళి గోడప్లగ్గుని భుజంతో ఒక్క తోపు తోసింది. బాక్సు ప్లగ్గు ఊడి కింద పడింది.

కాసేపటికి అత్తగారు కళ్ళు తెరిచింది. "చల్లారిపోతోందేమే?"

కోడలు ఆమెని లేపి తివాచీ ఎత్తింది. అడుగున పళ్ళెమంత నల్లటి మచ్చ. వైరు చుట్ట కరిగి ముద్దై, ఇంకా పొగ కక్కుతోంది.

"చుట్ట విప్పకుండా, పైన ముసుగేసి, ఓవెను నడిపావుటయ్యా? పైగా అమ్మని కూర్చోబెట్టి?" అన్నాడు అధికారి, చెప్పులు వెతుక్కుంటూ.

"బయటికి కనిపిస్తే బాగోదని సార్..."

అత్తగారు కొడుకుని ఎగాదిగా చూసింది. "బతికుండగానే కొరివి పెట్టబోయావట్రా?"

మర్నాడు పొద్దున్నే కోడలు ఓవెన్ని కూడా వంటింట్లోకి చేర్చి, రెంటికీ చెరో గోడప్లగ్గు ఇచ్చింది. ఫ్రిజ్జు మరి అడుగు కదల్లేదు. తర్వాత మొగుడి లంచ్‌బాక్సు తెరిచి, ఆ కరిగిన వైరుని అందంగా చుట్టి అందులో పెట్టి, మూత బిగించి, రోజూలాగే చేతికిచ్చింది.