తాళాలాయన కూతురి పేరు

తాళాలాయన చేతికి లొంగని తాళం ఈ భూమ్మీద ఇంకా తయారు కాలేదు. ఈ మాట ఆయనే చెబుతాడు, అడిగినవాళ్లకీ అడగనివాళ్లకీ. చెప్పేశాక తన సొంత కొట్టు షట్టర్ ముందు గొంతుక్కూర్చుని, తాళంచెవి దూర్చి, తిప్పి, తిట్టి, చొక్కా తడిసేదాకా కుస్తీ పట్టి, చివరికి మేడ మీదికి తలెత్తి కూతుర్ని పేరుపెట్టి పిలుస్తాడు. తాళం టక్కున ఊడుతుంది.

దాంతోపాటు పక్కనున్న మందుల షాపు తాళమూ, స్తంభానికి బిగించిన సైకిళ్ల తాళాలూ, ఎదురింటావిడ బీరువా తాళమూ ఊడతాయి. "పిలిచాడమ్మా మహానుభావుడు" అనుకుంటూ ఎవరి తాళాలు వాళ్లు మళ్లీ వేసుకుంటారు. పాలు పొంగితే పొయ్యి తగ్గించుకోమూ, ఇదీ అంతే.

ఆ అమ్మాయి పేరు అలాంటిది. పైకి అంటే చాలు, చుట్టుపక్కల తాళాలు ఆగవు. అందుకని ఇంట్లోనూ వీధిలోనూ అందరికీ ఆమె చిట్టి. బళ్లో టీచరు కూడా హాజరు వేసేటప్పుడు ఆ పేరు దగ్గరికి రాగానే నోరు మూసుకుని కనుబొమలు ఎగరేసేది. ఆ పేరు ఇంకెవరికీ లేదు, ఏ నిఘంటువులోనూ దొరకదు. పుట్టించింది తాళాలాయనే. అర్థం మాత్రం అడిగిన మనిషినిబట్టి మారేది. మందుల షాపాయనకి "తొలి వెలుగు" అన్నాడు. ఎదురింటావిడకి "ఏడు ద్వారాల రాణి, అంతరించిపోయిన భాషలో" అన్నాడు. బావమరిదికి "అదొక రకం పక్షి" అని చెప్పి, ఎలా ఎగురుతుందో కూడా చూపించబోయాడు.

ఇప్పుడు చిట్టి పళ్ల డాక్టరైంది. నాన్న కొట్టుకి ఆనుకున్న గదిలోనే సొంత క్లినిక్. రేపే తెరవడం. బయట బోర్డులు రాసేవాడు నిచ్చెన వేసుకుని రంగులు కలుపుతున్నాడు. బంగారు రంగు మాత్రం అతని రేకు పెట్టెలో ఇరుక్కుపోయింది, తాళంచెవి పోయింది మరి. తెరిచి పెట్టమని తాళాలాయన్ని అడిగినప్పుడల్లా "అదెంతసేపు, రేపు చూస్తా" అనేవాడు. ఆ రేపు ఇంకా రాలేదు.

"నాన్నా, నా పేరుకి అసలు అర్థం ఇవాళైనా చెప్తారా?"

"చెప్పాను కదమ్మా. తొలి..."

"అది మందుల షాపు బాబాయ్‌కి చెప్పింది."

"రాణి?"

"అది ఎదురింటి అత్తయ్యకి."

"మరి పక్షి ఎవరికి చెప్పాను?"

"మావయ్యకి. పాపం, ఆయన ఇంకా చెట్లకేసి చూస్తూనే ఉన్నాడు." చిట్టి నడుం మీద చేతులు పెట్టుకుంది. "రేపట్నించి వచ్చినవాళ్లందరూ బోర్డు చదివి అర్థం అడుగుతారు. నేను పళ్లు చూడాలా, మీ అబద్ధాలు అప్పజెప్పాలా? రంగు కలిపేలోపు నిజం చెప్పారా, సరే. లేదంటే అందరిలాంటి పేరొకటి రాయించేసుకుంటా, ఇక దాంతోనే బతుకుతా. అందాకా ఆ పేరు మీ నోట రాకూడదు. ఒట్టేయండి."

"ఒట్టు" అన్నాడు తాళాలాయన. కూతురికి తెలివి, అందం, ఓపిక అన్నీ వాళ్లమ్మ పోలికే వచ్చాయి. తను సొంతంగా ఇచ్చింది ఆ పేరొక్కటే.

మాట మార్చడానికి ఆయన సంచిలోంచి స్క్రూడ్రైవర్ తీసి క్లినిక్ బాత్‌రూమ్ తలుపుకి కొత్త తాళం బిగించాడు. "చూడమ్మా, దీన్ని ఎంత గజదొంగైనా తెరవలేడు" అంటూ లోపలికెళ్లి, తలుపేసుకుని, తాళం తిప్పి చూపించాడు.

నిజమే. ఎంత గజదొంగైనా తెరవలేడు. తాళాలాయన కూడా తెరవలేకపోయాడు. సంచేమో బయటుండిపోయింది.

చప్పుడు విని ఆయన భార్య చీపురుతోనే వచ్చింది. "ఏవండీ, బానే ఉన్నారా?"

"బానే ఉన్నానే. గాలీ వెలుతురూ బాగా వస్తున్నాయి."

"ఆ పేరేదో పిలిచి బయటికి రండి మరి."

"ఒట్టేశానే."

"అమ్మా, రంగు కలిపేశాను" అని కేకేశాడు బోర్డులాయన నిచ్చెన మీంచి. "ఏ పేరు రాయమంటారు?"

చిట్టి తలుపుకి చెవి ఆనించింది. "నాన్నా, ఆఖరిసారి అడుగుతున్నా. చెప్పండి, ఒట్టు తీసి గట్టు మీద పెట్టేద్దాం."

మొహాలు కనపడకపోవడంతో తాళాలాయనకి కాస్త ధైర్యం వచ్చింది. "నువ్వు పుట్టిన రోజు కూడా నేనిలాగే ఉన్నానమ్మా."

"ఎలాగ?"

"బాత్‌రూములో."

బోర్డులాయన బ్రష్షు పక్కన పెట్టి నిచ్చెన మెట్టు మీద సర్దుకుని కూర్చున్నాడు.

"కాళ్లూ చేతులూ ఆడక, ఆస్పత్రి బాత్‌రూములోకెళ్లి మొహం కడుక్కున్నాను. చూస్తే తలుపు రాదు! ఊరందరి తలుపులూ తెరిచినవాణ్ని. అవతల నువ్వు ఏడుస్తున్నావు, అదే మొదటి ఏడుపు. వినపడుతున్నావు, కనపడవు. ఊపిరి బిగబట్టి, భుజం ఆనించి 'హి' అన్నాను. గట్టిగా తోసేసరికి కాలు జారి బకెట్లో పడింది, 'వ్యా' అన్నాను. తలుపు తెరుచుకుంది. ఎదురుగా నర్సు, ఆవిడ చేతుల్లో నువ్వు. పేరేం పెడదామని మీ అమ్మ అడిగినప్పుడు నా నోట్లో ఇంకా అదే ఉంది."

"అయ్యో రాత!" అంది భార్య. "ఏవో పెద్ద పెద్ద పుస్తకాలు తిరగేసి తెచ్చారని మా పుట్టింట్లో అంత గొప్పగా చెప్పుకున్నానే!"

చిట్టి నవ్వు ఆపుకోలేక గోడ పట్టుకుంది. "అంటే నా పేరుకి అర్థం బకెట్టా నాన్నా?"

"బకెట్టు కాదమ్మా." తాళాలాయన లోపల్నించి తలుపుకి దగ్గరగా జరిగాడు. "నువ్వు అటుపక్కన ఉన్నావు, నేను ఇటుపక్కన ఉన్నాను. రావాలి. అంతే దానర్థం."

చిట్టి నవ్వడం మానేసింది. తన పేరు తను ఇంతవరకూ పైకి అని చూడలేదు. తనని తాను పిలుచుకునే పని ఎవరికి మాత్రం ఉంటుంది? తలుపు మీద అరచెయ్యి పెట్టి, మెల్లిగా అంది.

"హివ్య."

బాత్‌రూమ్ తలుపు తెరుచుకుంది. కొట్టులో అమ్మకానికి వేలాడదీసిన తాళాలన్నీ గలగలా నోళ్లు తెరిచాయి. నిచ్చెన కింద రేకు పెట్టె మూత టప్పున లేచింది. బోర్డులాయన ఒక్క ఉదుటున దిగి బంగారు రంగు డబ్బా అందుకున్నాడు. ఏ పేరు రాయాలని మళ్లీ అడగలేదు.

అక్షరాలు ఆరేలోపు చిట్టి వాళ్ల నాన్నని మొదటి పేషెంటుగా కొత్త కుర్చీలో పడుకోబెట్టి, మొహం మీదికి లైటు తిప్పింది.

"ఒక్క అనుమానం నాన్నా. ఆ ఆస్పత్రి తాళం ఏ రకం? మీ చేతికి లొంగనిది ఒక్క తోపుకి ఎలా ఊడింది?"

తాళాలాయన పైకప్పు చూశాడు. భార్యని చూశాడు. తప్పించుకుందామంటే కుర్చీ వెనక్కి వాలి ఉంది.

"తాళం లేదమ్మా."

"గడియా?"

"అదీ లేదు." కళ్లు గట్టిగా మూసుకున్నాడు. "లోపలికి లాగాల్సిన తలుపది. నేను అరగంట సేపు బయటికి తోశాను. ఆ నర్సు అవతల్నించి ఒక్క వేలితో తెరిచింది."