వదిలే చెయ్యి

ఊరి ఆసామి రాఘవేంద్ర మా అమ్మను విడుదల చేసే సభ అది. పంచాయతీ ఆఫీసు ముందర షామియానా వేయించింది కూడా ఆయనే. ఎలక్షన్లు దగ్గర పడ్డాయి మరి. మనిషికి సిగ్గన్నా ఉండాలి.

మా నాయన ఒకప్పుడు ఆయన చేతిలోంచి ఆకువక్క తీసుకుని జీతానికి చేరాడు. మా ఊళ్లో ఒప్పందమంటే అదే. నాయన పోయాక, పాత అప్పు పేరు చెప్పి అమ్మ కదిరమ్మను తన కొట్టంలో పేడ ఎత్తడానికి పెట్టుకున్నాడు. ఇంకెక్కడికీ కూలికి పోనివ్వలేదు. మొన్న ఉగాది తెల్లారి అమ్మ పేడగంపను ఆయన వాకిట్లోనే బోర్లించి, నేరుగా పెనుకొండ ఆర్డీవో ఆఫీసుకు పోయి అర్జీ పెట్టింది. విచారణ జరిగింది, వెట్టి రద్దయింది. ఇంకేముంది, ఆ పుణ్యమంతా తనదేనని ఈయన బయల్దేరాడు.

సభకు పోయే ముందు, కాలేజీలో నేర్చుకున్న మాటొకటి అమ్మకు చెప్పాను.

"బానిసను విడిపించేదాన్ని మాన్యుమిషన్ అంటారమ్మా. రోమ్ వాళ్ల పాతమాట. చేతిలోంచి పంపేయడమని అర్థం. యజమాని నలుగురి ముందర బానిసను పట్టుకుని వదిలేసేవాడంట. ఆ తర్వాత కూడా వాడు పాత యజమానికి అణిగిమణిగి ఉండాల్సిందేనంట."

జుట్టు ముడేసుకుంటున్న అమ్మ ఆగింది. "అంటే పట్టుకున్నోడే గొప్పోడా? గుంజుకొని వచ్చినోళ్లకు మాట ల్యాదా ఆడ?"

నా భయం వేరే. ఆయన చేతిలోది ఏది తీసుకున్నా, రేపట్నుంచి ఆయన పిలిస్తే పోవాల్సిందే. అంత జనంలో అమ్మ కాదనగలదా?

మైకులో పేరు పిలిచారు. రాఘవేంద్ర ఒక చేత్తో చీర, ఆకువక్క ఉన్న పళ్లెం పట్టుకుని, రెండో చెయ్యి అమ్మ వైపు చాపాడు.

"చెయ్యి ఇయ్యి కదిరమ్మా. ఈపొద్దుతో నిన్ను వదిలేస్తాండా. ఎప్పుడు పిలిచినా మనింటికి రావల్ల." ఫోన్లన్నీ పైకి లేచాయి.

అమ్మ పళ్లెం ముట్టలేదు. కొంగుముడి విప్పి, ఇంటినుంచి తెచ్చుకున్న ఆకువక్క తీసి, చాపిన ఆ అరచేతిలో పెట్టింది.

"మా ఆయన నీ చేత తీసుకున్న ఆకువక్క. తిరిగిచ్చేసినా. నేను ఉగాదికే వచ్చేసినా, నువ్వే ఇంకా పట్టుకోనుండావు."

అన్నేళ్లూ సామీ అని తప్ప పిలవని అమ్మ పేరు పెట్టి పిలిచింది.

"పో రాఘవేంద్రా. నిన్ను వదిలేసినా."