ఊరు విడిచినోళ్లు

ప్రొద్దుటూరు జిన్నింగు మిల్లులో పొద్దున్నుంచి దూది దుమ్ము కమ్ముకుని ఉంది. ఖాతూన్‌బీ కొంగు ముక్కుకు అడ్డం కట్టుకుని పత్తి ఏరుతోంది. రోజంతా వంగి ఏరితే పన్నెండణాల కూలి. పక్కనున్న లక్ష్మీదేవమ్మ లేచి మేస్త్రీ ముందు చేతులు కట్టుకుని నిలబడింది.

"నీళ్లు తాగొచ్చా సామీ?"

ఆడవాళ్లంతా పకపకా నవ్వారు. ఖాతూన్‌బీకి నవ్వు రాలేదు. ఈ మనిషీ, మొగుడు గంగులయ్యా కిందటి నెల తన పక్క గుడిసెలో దిగారు. ఊరి పేరు అడిగితే చెప్పరు. దొంగలేమోనని ఖాతూన్‌బీ ఇత్తడి బిందె లోపల పెట్టుకోవడం మొదలుపెట్టింది.

సంగటి తినేవేళ అడిగింది. "నీళ్లకు గూడా అడగల్లా మే? ఎవురు నేర్పినారు నీకు?"

"మా ఊళ్లో అన్నిటికీ పెద్దాయన్ను అడగల్లక్కా. గొర్రెనమ్మల్లన్నా, ఊరి వాకిలి దాటల్లన్నా. నా బిడ్డకు జొరమొస్తే జమ్మలమడుగు ఆస్పత్రికి పోతామంటిమి. రేపు సూద్దాం అన్యాడు. తెల్లారేతలికి బిడ్డ లేదు."

ఖాతూన్‌బీ తన సంగట్లో సగం తుంచి ఆమె ముందు పెట్టింది.

"పోయిన నెల్లో చేను కాడ ఒగర్ని నరికిరి. నరికినోళ్లు పెద్దాయన మనుషులే. ఆ నేరం నా మొగుడు మీదేసుకోని జైలుకు పోవల్లంట. గొర్రెల్ని ఆడ్నే ఇడిసి, పెన్న దాటి వస్తిమి."

"పోలీసులకు చెప్పకపోతిరా?"

"వాళ్లొస్తే బువ్వ తినేది ఆయనింట్లోనే గదక్కా."

కర్నూలు రాజధానిగా కొత్త రాష్ట్రం వచ్చి ఏడాది దాటింది. ఆ ఊళ్లోకి మాత్రం ఏ రాష్ట్రమూ వచ్చినట్టు లేదు.

మధ్యాహ్నం మేస్త్రీ వచ్చాడు. "లక్ష్మీదేవమ్మా, గేటు కాడ మీ ఊరోళ్లంట. పో."

ఆమె చేతిలో పత్తి అక్కడే వదిలేసి లేచింది. ఖాతూన్‌బీ కూడా లేచి వెంట నడిచింది.

గేటు ముందు గూడుబండి ఆగి ఉంది. వెనక పరదా దించి ఉంది. పెద్దాయన నమ్మినబంటు, పెద్దన్న అనేవాడు నవ్వుతూ ఎదురొచ్చాడు.

"బయపడొద్దు చెల్లెలా. గంగులయ్య ఒప్పుకున్యాడు. బండ్లోనే ఉండాడు. రా, పోదాం."

గంగులయ్య పొద్దున బజారులో మూటలు మోయడానికి వెళ్లాడు.

"ఆయప్పనే దిగొచ్చి పిలవమను. పంపుతాం," అంది ఖాతూన్‌బీ.

"అలిసి పండుకున్యాడులే."

"ఏమయ్యో!" లక్ష్మీదేవమ్మ కేక వేసింది. బండిలోంచి పలుకు లేదు. ఆమె కాళ్లు అటే పోబోయాయి. ఖాతూన్‌బీ ఆమె చెయ్యి ఒడిసి పట్టుకుంది.

"మనకెందుకు ఈ గొడవ? పంపించు," అన్నాడు మేస్త్రీ. "లేకుంటే రేపట్నుంచి నువ్వు పనికి రావద్దు."

"రాను లే సామీ. ఈమెను మాత్రం పంపను."

లోపలి నుంచి ఆడవాళ్లు ఒక్కొక్కరే వచ్చి ఆమె వెనక నిలబడ్డారు. పెద్దన్న నవ్వడం మానేసి బండి వైపు తిరిగాడు. పరదా లోపలి నుంచి కొద్దిగా కదిలింది. లోపల ఎవరున్నారో గాని, పరదా తొలగించే చెయ్యి మాత్రం బయటికి రాలేదు.