కాగితం చొక్కా

మైదా జిగురు ఉడుకుపట్టింది. జక్రయ్య అందులో చిటికెడు మైలుతుత్తం వేసి కర్రతో తిప్పాడు. ఆ చేదు లేకపోతే అతను గోడలకు అంటించే సినిమా పోస్టర్లను మేకలు సగం నమిలేస్తాయి. ఎముకల గూడు లాంటి ఒళ్ళు, మోచేతుల దాకా ఎండి పొలుసుకట్టిన జిగురు. అద్దంకి గోడల మీద ఎందరు వీరులను నిలబెట్టాడో గానీ, ఎవరిని చూసీ అతనికి కడుపు మండలేదు. ఈ అడవి వీరుడు వచ్చేదాకా.

అడవిలో మృగాల మధ్య పెరిగిన మగాడి పాత సాహసకథను ఎవరో పచ్చి వెటకారంగా మార్చి తీసిన బొమ్మ అది. పెద్దలకు మాత్రమే, మార్నింగ్ షో. పోస్టర్ మీద మర్రి ఊడ పట్టుకుని ఊగుతున్న కండల వీరుడు, మొలకు చుక్కల గుడ్డ. పక్కన అంతకన్నా తక్కువ గుడ్డతో నాయిక. ఆమె ఒంటి మీద తెల్లకాగితం ముక్కలు అంటించాలని హాలు మేనేజరు పేరయ్య హుకుం. లేకపోతే పోలీసులు ఊరుకోరు.

నిన్న మిర్చి కొట్టం గోడ దగ్గర జక్రయ్య భార్య కొండమ్మ, తనతోపాటు మిరపకాయల ముచ్చికలు తీసే ఆడవాళ్ళకు ఆ వీరుణ్ణి చూపించి పడీపడీ నవ్వింది. ఇన్నేళ్ళ కాపురంలో మొగుణ్ణి చూసి అట్లా నవ్విందా? ఛీ, కాగితం మీది వెధవకి ఎంత భాగ్యం!

అదే గోడకు ఇవాళ జక్రయ్య ఆ బొమ్మ పోస్టరే మళ్ళీ కొత్తది వేశాడు. నాయిక కోసం ఇచ్చిన ముక్కలన్నీ వీరుడి ఛాతీ మీద, భుజాల మీద, మెడ దాకా అతికించాడు. చొక్కా తొడిగినట్టయింది. "ఇప్పుడు ఊగరా" అన్నాడు.

మధ్యాహ్నానికి ఆ గోడ ముందు మగాళ్ళు గుంపుకట్టారు. పేరయ్య సైకిలు దిగుతూనే అరిచాడు.

"ఒరేయ్ జక్రయ్యా, మతి పోయిందంట్రా? ఎవరికి కప్పమంటే ఎవరికి కప్పావు?"

"ఆడికే కప్పాలండి" అన్నాడు జక్రయ్య.

గోల విని కొండమ్మ కొట్టంలోంచి బయటికొచ్చింది. పోస్టరు చూసింది, మొగుణ్ణి చూసింది. సంగతి అర్థమై మొహం చిన్నబోయింది.

"కాయితం బొమ్మ మీద కుళ్ళేంటయ్యా? నలుగురూ నవ్విపోరా?"

"నిన్న నువ్వు ఇకిలించలా? పో, ఆడితోనే కాపురం చెయ్యి!" అందరి ముందూ అనేశాడు.

ఆమె కొంగు దులుపుకుని ఇంటిదారి పట్టింది.

సాయంత్రం ఇంటికొచ్చేసరికి తలుపు గొళ్ళెం పెట్టి ఉంది. పక్కింటి ఎలీసమ్మ బియ్యం చెరుగుతూ తలెత్తకుండా చెప్పింది.

"ఇందాకే పర్చూరు బస్సెక్కింది. అక్క దగ్గరే ఉంటదంట. ఇంక రానంది."

"ఆ అడవోడి కోసం నన్ను..."

"నీ మొహం! ఆడి కండలు ఎవరికి కావాలి? నిన్న గోడ కాడ నేనూ ఆ పక్కనే ఉన్నాగా. ఆడి మొలకున్న చుక్కల గుడ్డ చూసి నవ్వింది. 'అచ్చం మా ఆయన లుంగీయేనే! ఎంత ఉతికినా జిగురు మచ్చలు పోవు. ఈడికెవరిచ్చారో' అంది. మా ఆయన, మా ఆయన అంటా అందరికీ చెప్పి మరీ నవ్వింది."

జక్రయ్య అరుగు మీద కూలబడ్డాడు. దండెం మీద అతని లుంగీ ఆరుతోంది. వెళ్ళే ముందు ఉతికి వేసినట్టుంది, అంచుల నుంచి ఇంకా నీళ్ళు కారుతున్నాయి. జిగురు మచ్చలు ఎక్కడివక్కడే ఉన్నాయి.