ఉక్కపోత అనే బ్యాండు

చిత్తూరు చుట్టుపక్కల ఏ కల్యాణమండపంలో రిసెప్షన్ జరిగినా, ఆర్కెస్ట్రా వెనక వరుసలో కీబోర్డు ముందు మోహన ఉండేది. పదేళ్లకు పైగా అదే పని. అడిగిన సినిమాపాట వాయించడం, పెళ్లివాళ్లు పెట్టిన భోజనం చేసి ఇంటికి రావడం. పాటకూ పాటకూ మధ్య గాయకులు మంచినీళ్లు తాగుతుంటే మాత్రం ఆమె వేళ్లు తమకు తోచింది వాయించుకునేవి. జనం ఐస్‌క్రీం దగ్గర ఉండేవాళ్లు కాబట్టి దాన్ని ఎవరూ పట్టించుకోలేదు.

పట్టించుకున్నవాడు ఒక్కడే, డ్రమ్స్ వాయించే బాలాజీ.

"అక్కా, ఇప్పుడు వాయించినావే, అది ఏ సినిమాలోది?" అని అడిగాడు ఒకరోజు.

"ఏ సినిమాలోదీ కాదప్పా. నాదే."

"నీదా! ఇన్ని దినాలూ చెప్పకుండా ఎట్లా ఉన్నావు? ఇంకోసారి వాయించు, నేను దరువేస్తా."

అతను వేసిన దరువు పెళ్లి దరువు కాదు. గడియారం నడిచినట్టు బిగువుగా, పక్కకు తొణక్కుండా సాగింది. ఇలాంటి సంగీతాన్ని న్యూవేవ్ అంటారని బాలాజీయే చెప్పాడు. పేరు ఏదైనా మోహనకు ఒళ్లు జలదరించింది. ముప్పై నాలుగేళ్ల వయసులో తన చేతుల్లోంచి వచ్చేది తనకే కొత్తగా వినిపించడం ఎంత సంతోషమో ఆమెకు ఆరోజే తెలిసింది.

పాడటానికి బాలాజీ తన పిన్నమ్మ కూతురు నవీనను పిలుచుకొచ్చాడు. ఆ పిల్ల సూళ్లూరుపేట దగ్గర ఫోన్లు బిగించే ఫ్యాక్టరీలో పనిచేస్తుంది, ఆదివారాలు సెలవు. ఆమెది తేనెలూరే గొంతేమీ కాదు. వీధి అవతలున్న మనిషిని కేకేసి పిలిచినట్టుండే గొంతు. మోహనకు కావలసింది అదే.

సాధనకు చోటు ఇచ్చింది మోహన నాయన దేవరాజులు. ఆయనకు చిత్తూరులో బెల్లం మండీ ఉంది. "గోడౌన్లో ఒక మూల మీది. బెల్లం మీద మాత్రం ఎక్కి కూర్చోవద్దు" అన్నాడు.

బెల్లం ఉన్నచోట చీమలుండవా? నెల తిరక్కముందే కీబోర్డులోకి దూరాయి. రెండు మీటలు పలకడం మానేశాయి. బాగుచేసేవాడు తిరుపతి నుంచి రావాలి. ఈలోగా మోహన ఆ రెండు స్వరాలనూ దాటుకుంటూ ఒక వరస కట్టింది. కుంటుతూనే గంతులేసే వరస. దానికి నవీన అక్కడికక్కడే మాటలు అల్లింది:

"ఉక్క పోస్తా ఉండాది, ఊరు తూగతా ఉండాది,
నువ్వు యాడుండావప్పా, ఈడ నా గుండె మోగతా ఉండాది."

కీబోర్డు బాగయ్యాక అన్ని స్వరాలతో వాయించి చూస్తే పాట చప్పబడిపోయింది. అందుకని కుంటి వరసే ఉంచేశారు. బ్యాండుకు ఉక్కపోత అని పేరు కూడా అందులోంచే వచ్చింది.

మొదటి కచేరి ఏర్పేడు దగ్గర ఒక కాలేజీ ఉత్సవంలో. రెండో పాటకే "సినిమా పాట పాడండి" అని అరుపులు మొదలయ్యాయి. నాలుగో పాటకు మైదానం సగానికి పైగా ఖాళీ. వేదిక పక్కన చెప్పులు విడిచి ఎగురుతున్న ఆడపిల్లల గుంపొకటి మాత్రం చివరిదాకా కదల్లేదు.

తిరుగు బస్సులో నవీన కళ్లు తుడుచుకుంటూ కూర్చుంది. "నా గొంతు వల్లే లేసిపోయినారక్కా."

"పోయినోళ్లను ఎందుకే లెక్కేస్తావు? ఆ పిల్లోళ్లను సూడలేదా? మన పాటకి ఎగిరినారే, మన పాటకి!" అంది మోహన. ఆ మాట ధైర్యం చెప్పడానికి అన్నది కాదు. పెళ్లిళ్లలో ఆమె వాయింపుకు వందలమంది ఎగిరారు గాని, ఆమె పాటకు ఎగిరింది వీళ్లే.

ఆ కాలేజీలో వాళ్లను విన్నవాళ్లెవరో చెప్పగా, మద్రాసు నుంచి కృష్ణమూర్తి అనే పాటల కంపెనీ మనిషి గోడౌన్‌కే వచ్చాడు. శ్రద్ధగా విన్నాడు. కాలితో తాళం కూడా వేశాడు.

"ట్యూన్ చాలా బాగుందమ్మా. రెండే మార్పులు. ఉండాది, యాడుండావు లాంటివి తీసేసి మంచి తెలుగు పెడదాం. గొంతు కూడా పేరున్నవాళ్లది పెడదాం."

నవీన మైకు తీగ చుట్టడం మొదలుపెట్టింది. "నా కోసం ఆగొద్దక్కా. మీరు పోండి" అంది తల ఎత్తకుండా.

మోహనకు ఆశ లేకపోలేదు. కంపెనీ అంటే తన పేరు ఊరూరా తెలుస్తుంది. ఇలాంటి తలుపు మళ్లీ తెరుచుకుంటుందో లేదో. కానీ పాటలోంచి ఆ మాటలు, ఆ గొంతు తీసేసి మనసులో ఒకసారి వాయించుకుంది. మళ్లీ ఎవరి పాటో వాయిస్తున్నట్టే ఉంది.

"మంచి తెలుగు అంటే మేము మాట్లాడేది కాదా సార్?" అంది మెల్లగా. "ఈ పిల్ల పాడితేనే అది పాట. లేదంటే వద్దు."

ఆయన వెళ్లిపోయాక బెల్లం బస్తాల మధ్య ఆ పాటను వాళ్లే రికార్డు చేసుకుని నెట్‌లో పెట్టారు. మొదట్లో విన్నది చుట్టాలే. తర్వాత సూళ్లూరుపేట ఫ్యాక్టరీ బస్సుల్లో మోగింది. అక్కడినుంచి మద్రాసు లోకల్ రైళ్లెక్కింది. తెలుగు రాని తమిళ పిల్లలు కూడా "యాడుండావప్పా" అని పాడుతూ వీడియోలు తీశారు. నెట్‌లోకి రెండో పాట వచ్చింది, ఆపైన ఆల్బమ్ వచ్చింది. నెల్లూరు పిలిచింది, బెంగళూరు పిలిచింది. మోహన ఆర్కెస్ట్రా మానేసింది. నవీన ఫ్యాక్టరీ గుర్తింపు కార్డు తిరిగి ఇచ్చేసి వస్తూ గేటు దగ్గరున్న వాళ్లందరితో ఫొటోలు దిగింది.

ఈ వేసవిలో తిరుపతిలో సొంత కచేరి పెట్టుకున్నారు. వేరే ఎవరి ఉత్సవమూ కాదు, వాళ్ల పేరు మీదే హాలు. సాయంత్రానికి కుర్చీలు చాలక జనం మెట్ల మీద కూర్చున్నారు. తిరుచానూరు నుంచి పూలమ్మే వరదమ్మ అనే అవ్వ మనవరాళ్లతో వచ్చింది. ఫ్యాక్టరీ అమ్మాయిలు రైలు దిగి నేరుగా వచ్చారు. దేవరాజులు మండీ మూసేసి ముందు వరసలో కూర్చుని, పక్కన ఎవరు కూర్చుంటే వాళ్లకు "కీబోర్డు నా బిడ్డ" అని చెబుతున్నాడు.

నవీన "యాడుండావప్పా" ఎత్తుకుంటే హాలంతా ఆమె కంటే ముందే అందుకుంది. ఆమె మైకు దించి, నవ్వుతూ వింటూ నిలబడింది.

ఉన్న పాటలన్నీ అయిపోయాయి. దండాలు పెట్టారు. జనం లేవలేదు. "ఇంకొకటి, ఇంకొకటి" అని నేల అదిరేలా కాళ్లు తొక్కుతున్నారు.

"అక్కా, ఇంక మన కాడ పాటల్లేవు" అన్నాడు బాలాజీ కంగారుగా.

"వ్యాన్లో పొద్దున వాయించినానే, అది ఉండాది కదా."

"దానికి మాటలే లేవు!"

"దరువెయ్యప్పా నువ్వు."

మోహన వరస అందుకుంది. నవీన ఏం పాడాలో తెలియక ఒక క్షణం చూసి, తన మైకు తీసుకెళ్లి మోహన ముందు పెట్టింది. మోహన జన్మలో వేదిక మీద పాడింది లేదు. నోరు తెరిచింది. ముందు వట్టి రాగం వచ్చింది, తర్వాత ఒక మాట, ఆ మాట వెంట ఇంకొకటి. బాలాజీ దరువు పెంచాడు. నవీన వెనకనుంచి వంత కలిపింది. పల్లవి రెండోసారి తిరిగేసరికి మెట్ల మీద కూర్చున్నవాళ్లంతా లేచి నిలబడి దాన్ని పాడుతున్నారు.