పాడె మీద నవ్వు

ఎల్లారావు సినిమాల్లో చేరి ఇరవై ఏళ్ళయింది. ఈ ఇరవై ఏళ్ళలో అతను వేసిన వేషాలన్నీ దాదాపు మొదటి గంటలోనే చచ్చిపోయేవి. హీరోయిన్ తండ్రి, జమీందారు నమ్మిన బంటు, కలరా తగిలిన రైతు. ఏ పోస్టరు మీదా అతని పేరు పడలేదు. మద్రాసు వెళ్ళడం, చావడం, రైలెక్కి బెజవాడ వన్ టౌన్‌లోని ఇంటికి తిరిగి రావడం, అదీ అతని ఉద్యోగం.

ఆ పనిలో మాత్రం అతన్ని మించినవాడు లేడు. ఊపిరి బిగబట్టి పడుకున్నాడంటే పెదవి మీద ఈగ వాలినా కదిలేవాడు కాదు. భార్య రత్తమ్మ ఆ ఘనకార్యం ఒక్కసారీ చూడలేదు. కొల్లేటి ఒడ్డున పుట్టిన మొండి మనిషి. మొగుడి చావు చూడ్డానికి టిక్కెట్టు కూడా కొనుక్కోవాలా అనేది.

సినిమావాళ్ళకో ఆనవాయితీ ఉంది. శవం వేషం వేసినవాడు షాటు కాగానే పాడె మీద లేచి కూర్చుని, కెమెరాలోకి చూసి నవ్వాలి. ఆ నవ్వునీ ఫిల్ము మీదకి ఎక్కిస్తారు, తర్వాత కోసి పారేస్తారు. అది తియ్యకపోతే చావు ఆ మనిషి వెంట ఇంటికొస్తుందని నమ్మకం. ఎల్లారావు కెమెరా ముందు నవ్వినవన్నీ ఆ నవ్వులే. నవ్వే వేషం అతనికెవడిచ్చాడు గనక?

డెబ్భై నాలుగులో ఇంటికి కూతవేటు దూరంలో, కృష్ణ ఒడ్డునే పాడె ఎక్కాడు. షాటు బ్రహ్మాండంగా వచ్చింది. లేచి నవ్వబోతే ఫిల్ము అయిపోయిందన్నారు. నవ్వు రేపు తీద్దాంలే అని దర్శకుడు భుజం తట్టాడు. తెల్లారేసరికి యూనిట్టంతా మద్రాసు రైలెక్కేసింది.

ఆ సంగతి రత్తమ్మకి చెప్పడం ఎల్లారావు చేసిన తెలివితక్కువ పని. ఆనాటి నుంచి అతను మధ్యాహ్నం కునుకు తీస్తే చాలు, ముక్కు కింద వేలు పెట్టి చూసేది. గడ్డం గీసుకుంటుంటే అద్దంలో, వెనక మంచం మీద ఎవరో పడుకుని ఉన్నట్టు అతనికీ అనిపించసాగింది. తిరిగి చూస్తే మంచం ఖాళీ. రెండుసార్లు మద్రాసు వెళ్ళి ఆ ఒక్క నవ్వూ తియ్యమని బతిమాలాడు. సెట్టు మీద అతను తప్ప అందరూ నవ్వారు. దాచడమెందుకు, చచ్చేంత భయంగా ఉండేది అతనికి.

ఆరు నెలలకి సినిమా రిలీజైంది. ఎల్లారావుకో ఉపాయం తట్టింది. తెర మీద శవాన్నీ, పక్క కుర్చీలో మనిషినీ ఒకేసారి చూస్తే రత్తమ్మకి భయం పోతుంది. ఆమెకి పోతే తనకీ పోతుంది. కాళ్ళావేళ్ళా పడి మ్యాట్నీకి తీసుకెళ్ళాడు.

పాడె వచ్చింది. తెరంతా అతని మొహమే. హాల్లో ఆడవాళ్ళు ముక్కులు చీదుతున్నారు. రత్తమ్మ కొంగు నోట్లో కుక్కుకుని కుమిలిపోతోంది. అతను చెయ్యి పట్టుకోబోతే విదిలించుకుంది. ఎల్లారావు ఇక తట్టుకోలేక, తెర మీది శవాన్ని చూస్తూ పెద్దగా నవ్వేశాడు.

"శవం దగ్గర నవ్వుతావేంటయ్యా, మనిషివేనా?" అని వెనక వరసలో ఎవరో కసిరారు.

అతను నవ్వుతూనే రత్తమ్మ వైపు తిరిగి, ఇదిగో ఇక్కడున్నాను, నన్ను చూడు అన్నాడు. ఆమె తెర మీంచి కళ్ళు తిప్పలేదు.

"ఇరవయ్యేళ్ళ నుంచీ చస్తానే ఉన్నారు," అంది. "ఒక్కసారన్నా నన్ను ఏడవనివ్వండి."